నంబర్ అడగాలా, మనదే ఇచ్చి రావాలా? రైల్లో, సదస్సులో పరిచయమైనవారితో టచ్‌లో ఉండే దారుల పోలిక

రైలు మౌలాలి దగ్గర అవుటర్‌లో ఆగుతుంది. సికింద్రాబాద్ ఇంకో పది నిమిషాలో, అరగంటో, సిగ్నల్ దయ. ఎదుటి బెర్త్ ఆయనతో రాత్రి తుని దాటినప్పటి నుంచీ కబుర్లే. వాళ్ళబ్బాయి చదువు, రొయ్యల ధరలు, మోకాలి నొప్పికి ఎవరో ఇచ్చిన నూనె, అన్నీ అయ్యాయి. దుప్పట్లు మడతపెట్టుకుంటూ, సీటు కింద చెప్పులు వెతుక్కుంటున్న ఆ కాసేపట్లో మొదలవుతుంది టెన్షన్. నంబర్ అడగాలా? అడిగితే ఏమనుకుంటారో! అడక్కుండా దిగిపోతే మళ్ళీ ఎక్కడ కలుస్తాం?

హైటెక్స్‌లోనో హెచ్‌ఐసీసీలోనో సదస్సుకు వెళ్ళినప్పుడూ ఇదే సంగతి. లంచ్ లైన్లో ప్లేటు పట్టుకుని పావుగంట చక్కగా మాట్లాడినావిడ, గంట మోగగానే హాల్లోకి వెళ్ళిపోతారు. మెడలో బ్యాడ్జి మీద పేరు చదివాం. ఆ తర్వాత ఏం చెయ్యాలి?

నేను ఉద్యోగరీత్యా పదిహేనేళ్ళుగా విశాఖకూ హైదరాబాద్‌కూ మధ్య తిరుగుతున్నాను. ఈ విషయంలో చేసిన తప్పులు తక్కువేం కావు, ఒకటి కింద చెప్తాను. ఏ దారి ఎప్పుడు నప్పుతుందో, ఎప్పుడు బెడిసికొడుతుందో నాకు తెలిసినంతవరకు రాస్తున్నాను.

## ముందు చూసుకోవాల్సినవి

అన్నిటికన్నా ముందు: ఎదుటివారు మొహమాటపడకుండా వద్దనగలరా? మనలో మొహం మీద కాదనేవాళ్ళు తక్కువ. "చూద్దాం లెండి" అంటారు. "ఫోన్లో ఛార్జింగ్ లేదండీ" అంటారు. "ఈ మధ్యే నంబర్ మార్చాను, గుర్తు లేదు" అంటారు. ఇవన్నీ "వద్దు" అనే మాటకు తెలుగు రూపాలే. ఇవి వినిపించాక "పర్లేదు, నా ఛార్జర్ తీసుకోండి" అనేవారిని నేను కళ్ళారా చూశాను. పైగా రైల్లో మనిషి లేచి వెళ్ళిపోలేరు. ఒక్కో అరలో ఆరుగురు, పక్కన ఇద్దరు, ఉదయం దాకా అదే చోటు. సదస్సులో స్టాల్ దగ్గర నిలబడ్డ అమ్మాయికి వచ్చినవారిని నవ్వుతూ పలకరించడం ఉద్యోగం. ఆ నవ్వును మన మీద ఇష్టం అనుకోకూడదు.

రెండోది, ఎంత బయటపడుతుందన్నది. ఫోన్ నంబర్ అంటే పది అంకెలే కదా అనుకుంటాం. ఆ నంబర్‌తో యూపీఐ వాడుతుంటే, ఆ పది అంకెలు యూపీఐ యాప్‌లో కొట్టగానే బ్యాంకు ఖాతాలో ఉన్న పేరు కనిపిస్తుంది. సెట్టింగ్ మార్చుకోకపోతే వాట్సాప్ ఫొటో కనిపిస్తుంది, అందులో పిల్లలూ ఉండొచ్చు. పూర్తి పేరు తెలిస్తే ఇంటిపేరు తెలుస్తుంది. ఇంటిపేరు తెలిస్తే మనవాళ్ళు ఇంకేం లెక్కలు వేస్తారో మీకు నేను చెప్పక్కర్లేదు. అదే నంబర్‌కు బ్యాంకు ఓటీపీలు వస్తాయి, గ్యాస్ బుకింగ్ దాని మీదే ఉంటుంది, కాబట్టి ఎవరో విసిగిస్తున్నారని తేలిగ్గా మార్చేసుకునేదీ కాదు.

మూడోది, ఆ దారి ఎంతకాలం ఉంటుంది. ఆఫీసు మెయిల్ ఉద్యోగంతోపాటే పోతుంది. విజిటింగ్ కార్డు చొక్కా జేబుతోపాటు వాషింగ్ మెషీన్‌లోకి వెళ్తుంది. నాలుగోది చెప్పడానికి సులువే కానీ చాలామంది మర్చిపోతారు: అవతలివారికి అలవాటున్న దారేనా? పాలకొల్లు రైతుగారిని లింక్డ్‌ఇన్‌లో కలుద్దామంటే ఆయనేం చేస్తారు పాపం!

## ఏమీ తీసుకోకుండా దిగిపోవడం

దీన్ని ఎవరూ లెక్కలోకి తీసుకోరు. నన్నడిగితే రైలు పరిచయాల్లో సగానికి పైగా ఇదే సరైన దారి. గోదావరి వంతెన మీద ఇద్దరూ కిటికీలోంచి రూపాయి బిళ్ళలు వేశారు, పులిహోర పంచుకున్నారు, నవ్వుకున్నారు. అది అక్కడికి పూర్తయింది. "మీతో మాట్లాడుతుంటే టైమే తెలియలేదండీ, వెళ్ళొస్తాను" అని చెప్పి దిగితే ఎవరికీ ఏ భారమూ ఉండదు. నంబర్లు తీసుకుని నెలరోజులు గుడ్ మార్నింగ్ పూల బొమ్మలు పంపుకుని, తర్వాత ఎవరు ముందు ఆపాలో తెలియక ఇబ్బందిపడేకన్నా ఇది నయం.

పని ఉన్న సదస్సులో మాత్రం ఇలా వదిలేస్తే నష్టం మనదే.

## మన నంబర్ మనం ఇవ్వడం

అడగడానికీ ఇవ్వడానికీ చాలా తేడా ఉంది. అడిగితే అవతలివారు అప్పటికప్పుడు, మన కళ్ళ ముందే తేల్చుకోవాలి. ఇస్తే ఇంటికెళ్ళి, కాళ్ళు కడుక్కుని, తీరిగ్గా తేల్చుకోవచ్చు. నచ్చకపోతే చేయరు, కారణం చెప్పాల్సిన పనీ ఉండదు. "ఇది నా నంబరండీ. అనకాపల్లి వైపు వస్తే, వీలైతే ఒక మాట చెప్పండి" అంటే చాలు.

ఇచ్చాక చాలామంది ఒక మాట అంటారు, దాంతో మొత్తం చెడుతుంది: "ఒక మిస్డ్ కాల్ ఇవ్వండి, సేవ్ చేసుకుంటాను." ఇది ఇవ్వడం కాదు, దొడ్డిదారిన అడగడం. ఎదుటివారు ఇరుక్కుపోతారు. మిస్డ్ కాల్ ఇవ్వకపోతే మర్యాద కాదు, ఇస్తే నంబర్ పోయినట్టే. నేనూ ఏళ్ళ తరబడి ఈ మాట అన్నవాణ్ణే. మా ఆవిడే ఒకసారి రైలు దిగాక నిలదీసింది: "ఆయనకి ఇవ్వాలని లేదు, మీకు కనపడలేదా?" నిజంగానే నాకు కనపడలేదు.

దీనికీ ఒక లోటు ఉంది. చాలామంది ఆ చీటీ పారేసుకుంటారు, లేదా ఫోన్లో ఎవరి పేరుతో సేవ్ చేశారో మర్చిపోతారు. అందుకే పేరు పక్కన గుర్తు ఒకటి రాసి ఇవ్వడం మంచిది: "రొయ్యల మేత, గోదావరి రైలు" అని. మళ్ళీ కలిసే అవకాశం తగ్గుతుంది, నిజమే. కానీ ఆ ఫోన్ వస్తే, మనస్ఫూర్తిగా చేసిన ఫోనే.

## ఎదుటివారి నంబర్ అడగడం

అడగనే కూడదని కాదు. ఏదైనా పని ఉంటే, ఆ పని పేరు చెప్పి అడగొచ్చు. "మీరు చెప్పిన ఎముకల డాక్టరుగారి వివరాలు వాట్సాప్ చేస్తారా? ఫోన్ చేసి ఇబ్బంది పెట్టను" అంటే ఎందుకు అడుగుతున్నారో, ఎంతవరకు వాడతారో రెండూ తెలిసిపోతాయి.

ఎప్పుడు అడుగుతున్నామన్నదీ ముఖ్యమే. రాత్రి తొమ్మిదికి అడిగి కాదనిపించుకుంటే, ఉదయం దాకా ఇద్దరూ ఎదురెదురుగా ఎలా కూర్చుంటారు? దిగే ముందు అడగండి. పదిమంది వింటుండగా అడగొద్దు. తండ్రో భర్తో పక్కనున్న ఆడవారిని వదిలేసి మగవారి నంబర్ తీసుకుని, "మేడమ్‌గారితో మాట్లాడించండి" అనడం మర్యాద అనుకునేవారున్నారు. మాట్లాడింది ఆవిడతో అయితే అడగాల్సిందీ ఆవిడనే, లేదా ఎవరినీ అడక్కుండా మీదే ఇచ్చి రావాలి.

ఇక ఒకటి అస్సలు చేయకూడదు. క్యాబ్ డ్రైవర్‌కు ఫోన్లో గట్టిగా చెప్తుంటే విన్నది, బ్యాగు ట్యాగు మీద చదివింది, సదస్సు రిజిస్ట్రేషన్ పుస్తకంలో పై వరసలో కనిపించింది, ఇలాంటి నంబర్‌కు మెసేజ్ పెట్టడం. అది ఎంత మర్యాదగా రాసినా దొంగిలించినదే.

## విజిటింగ్ కార్డు

ఫోన్లొచ్చాక పోయిందనుకున్నారు, పోలేదు. ఫార్మా, విత్తనాలు, యంత్రాల ప్రదర్శనల్లో ఇప్పటికీ కార్డుదే రాజ్యం. ఇందులో ఉన్న సుఖం, ఇద్దరూ ఆఫీసు మనుషులుగానే ఉంటారు. ఆఫీసు నంబర్, ఆఫీసు మెయిల్, అంతే.

కుడిచేత్తో ఇవ్వాలని మనకెవరూ చెప్పక్కర్లేదు, గల్ఫ్ దేశాల్లోనూ అదే పద్ధతి. జపాన్ వారితో పనిపడితే రెండు చేతులతో ఇచ్చి, రెండు చేతులతో తీసుకోండి. తీసుకున్నాక ఒకసారి చదవండి. చదవకుండా ప్యాంటు వెనక జేబులో పెట్టుకుని దాని మీదే కూర్చుంటే అక్కడ చాలా తప్పుగా తీసుకుంటారు.

కార్డుతో వచ్చే చిక్కల్లా దాన్ని శుభలేఖల్లా పంచడమే. హాల్లోకి రాగానే టేబుల్ టేబుల్‌కీ తిరిగి పెట్టే కార్డులు, సాయంత్రం టీ కప్పుల కింద కనిపిస్తాయి. ముందు రెండు నిమిషాలు మాట్లాడి, తర్వాత ఇవ్వండి. సొంత ఊళ్ళకు, రైళ్ళకు మాత్రం హోదా లేని చిన్న కార్డు వేరే వేయించుకుంటే బాగుంటుంది. జనరల్ మేనేజర్ అని ఉన్న కార్డు చూడగానే పెద్దాయన "బాబూ" అనడం మానేసి "సార్" అనడం మొదలుపెడతారు. పరిచయం అక్కడే ఆగిపోతుంది.

## లింక్డ్‌ఇన్

వృత్తి పరిచయాలకు నా మొదటి ఓటు దీనికే. ఫోన్ నంబర్ బయటపెట్టక్కర్లేదు. రిక్వెస్ట్ అందుకున్నవారు పట్టించుకోకపోతే మనకు ఆ కబురు రాదు, కాబట్టి ఇద్దరికీ చిన్నతనం ఉండదు. ఉద్యోగం మారినా అది అక్కడే ఉంటుంది. ఎదురుగా ఉన్నప్పుడైతే యాప్‌లో క్యూఆర్ కోడ్ చూపించుకుంటే సరి, పేరు స్పెల్లింగులతో పని లేదు. శ్రీనివాస్ అని వెతికితే ఎంతమంది వస్తారో అందరికీ అనుభవమే.

రిక్వెస్ట్‌తోపాటు ఒక చిన్న నోట్ తప్పనిసరిగా రాయండి. "మంగళవారం మధ్యాహ్నం కోల్డ్ చైన్ గురించి మాట్లాడుకున్నాం" అన్నా చాలు. ఊరికే పంపితే ఎవరో గుర్తురాక వదిలేస్తారు. ఇంకో సంగతి, మామూలు సెట్టింగ్‌లో మీరు ఎవరి ప్రొఫైల్ చూశారో వారికి తెలుస్తుంది.

అక్కడికి పనిమీద వచ్చినవారిని ఫొటో బాగుందనడం, సంబంధాలు వాకబు చేయడం కుదరదు. ఇది రాయాల్సి రావడమే బాధ.

## ఇన్‌స్టాగ్రామ్, ఫేస్‌బుక్

ఇరవైల్లో ఉన్నవారికి నంబర్ కన్నా ఇన్‌స్టా ఐడీ ఇవ్వడం తేలిక. నచ్చకపోతే బ్లాక్ చేసేయొచ్చు, బ్యాంకు ఖాతా గొడవ లేదు. హంపిలోనో అరకులోనో కలిసిన యువతకు ఇది సహజమైన దారి. నలభై దాటినవారు ఇరవై ఏళ్ళవారిని అడగడానికి మాత్రం ఇది సరైన చోటు కాదు. అక్కడ ఉన్నవి వాళ్ళ స్నేహితుల పెళ్ళి డాన్సులు, మనకెందుకు?

దిగిన ఫొటోలు పెట్టేముందు అడగండి. ట్యాగ్ చేసేముందు మళ్ళీ అడగండి. ఇంట్లో చెప్పకుండా ట్రిప్‌కు వచ్చినవారుంటారు, ఆఫీసుకు సెలవు పెట్టి వచ్చినవారూ ఉంటారు.

## వాట్సాప్ గ్రూపు

కాశీ యాత్ర బస్సు ఎక్కగానే టూర్ వారు ఒక గ్రూపు పెడతారు. సదస్సు నిర్వాహకులూ పెడతారు. బస్సు ఎన్నింటికి, భోజనం ఎక్కడ అన్నంతవరకు చాలా పనికొస్తుంది. పరిచయాలకు మాత్రం నాకు నమ్మకం లేని దారి ఇదే.

నేను చెప్తానన్న తప్పు ఇక్కడిదే. ఒక సదస్సు గ్రూపులో, ఉదయం బాగా మాట్లాడినావిడ నంబర్ కనిపించింది. ఆవిడ చెప్పిన విషయం మీద రెండు ప్రశ్నలు అడుగుతూ రాత్రి మెసేజ్ పెట్టాను. మర్యాదగానే రాశాను, "గారు" కూడా పెట్టాను. జవాబు వచ్చింది: "నా నంబర్ మీకెవరిచ్చారు?" గ్రూపులో ఉంది కదా అనుకున్నాను నేను. గ్రూపులో ఉండడం వేరు, నాకివ్వడం వేరు. క్షమించమని రాసి, నంబర్ తీసేశాను. ఆ ప్రశ్నలు గ్రూపులోనే అందరి ముందూ అడిగి ఉంటే ఆవిడ సంతోషంగా జవాబిచ్చేవారేమో.

మిమ్మల్ని ఎవరు పడితే వాళ్ళు గ్రూపుల్లో చేర్చకుండా వాట్సాప్ ప్రైవసీ సెట్టింగ్‌లో మార్చుకోవచ్చు, మీ ఫోన్లో ఉన్నవారే చేర్చగలిగేలా. ప్రయాణానికి ముందే చేసుకోండి.

## మధ్యవర్తి ద్వారా

వేదిక మీద మాట్లాడినవారు, పెద్ద హోదాలో ఉన్నవారు, చుట్టూ ఇరవైమంది సెల్ఫీలకు నిలబడ్డవారు, వీళ్ళతో మాట్లాడాలంటే నిర్వాహకులనో ఇద్దరికీ తెలిసినవారినో పట్టుకోవడం మేలు. అడిగే పద్ధతే ముఖ్యం. "ఆవిడ నంబర్ ఇవ్వండి" అనకండి. "నా నంబర్ ఆవిడకి ఇచ్చి, ఫలానా విషయం మాట్లాడాలనుకుంటున్నానని చెప్పండి" అనండి. ఆలస్యమవుతుంది, కొన్నిసార్లు కబురు అసలు చేరదు. చేరితే మాత్రం, చెప్పినవారి మాట బలం మీకు తోడొస్తుంది.

## ఒక్క చూపులో

| దారి | వద్దనడం ఎంత సులువు | ఎంత బయటపడుతుంది | ఎంతకాలం నిలుస్తుంది | ఎక్కడ నప్పుతుంది |
|---|---|---|---|---|
| ఏమీ తీసుకోకపోవడం | ఆ అవసరమే రాదు | ఏమీ లేదు | జ్ఞాపకంగానే | రైలు, బస్సు |
| మన నంబర్ ఇవ్వడం | చాలా సులువు | మనది మాత్రమే | వారు దాచుకుంటే | అన్ని చోట్లా |
| నంబర్ అడగడం | కష్టం | చాలా | చాలాకాలం | ఫలానా పని ఉంటేనే |
| విజిటింగ్ కార్డు | సులువు | ఆఫీసు వివరాలు | ఉద్యోగం ఉన్నంతవరకు | సదస్సు, ప్రదర్శన |
| లింక్డ్‌ఇన్ | చాలా సులువు | ఉద్యోగ చరిత్ర | చాలాకాలం | సదస్సు, ఐటీ ప్రయాణికులు |
| ఇన్‌స్టా, ఫేస్‌బుక్ | ఫర్వాలేదు | సొంత జీవితం | ఇష్టాన్ని బట్టి | ఒకే ఈడువారి మధ్య |
| వాట్సాప్ గ్రూపు | కష్టం | నంబర్ అందరికీ | యాత్ర అయ్యేదాకా | ఏర్పాట్లకే |
| మధ్యవర్తి | చాలా సులువు | మనది మాత్రమే | మధ్యవర్తిని బట్టి | వక్తలు, పెద్దవారు |

## అసలు మాటల దగ్గరే చెడేది

ఏ దారి ఎంచుకున్నా, అంతకుముందు సాగిన మాటలే దాన్ని నిలబెడతాయి, లేదా కూలుస్తాయి. "మీదే ఊరండీ?" అనేది మనవాళ్ళ అందమైన పలకరింపు. దాని వెంటే "ఇంటిపేరు?", ఆపైన "అయితే మనవాళ్ళేనన్నమాట" వస్తే కులం వాకబు మొదలైనట్టే. అవతలివారు మనవాళ్ళు కాకపోతే? ఆ నిమిషం నుంచి వాళ్ళకు ఆ ప్రయాణం బరువవుతుంది. జీతమెంత, పెళ్ళయిందా, పిల్లలెందుకు లేరు అన్నవీ అంతే. ఊరు, తిండి, సినిమాలు, వర్షాలు, దారిలో కనిపించే పొలాలు, మాట్లాడాలంటే ఇవి చాలవా?

చెవుల్లో ఇయర్‌ఫోన్స్ ఉంటే తలుపు వేసి ఉన్నట్టు లెక్క. వందేభారత్ కుర్చీల్లో చాలామంది ఇలాగే ఉంటారు, తప్పేం కాదు. రాత్రి 10 దాటాక మిడిల్ బెర్త్ ఎత్తితే ఎంత రసవత్తరమైన కబురైనా ఆపాల్సిందే.

## మీరెవరు అన్నదాన్ని బట్టి

ఒంటరిగా ప్రయాణించే ఆడవారు ఎవరికీ ఏదీ ఇవ్వక్కర్లేదు. ఇవ్వాలనిపిస్తే లింక్డ్‌ఇన్ గానీ, అసలు నంబర్ లేని ఈమెయిల్ గానీ చాలు. "మా ఇంట్లో ఊరుకోరండీ" లాంటి సాకులూ అవసరం లేదు, "నేనెవరికీ నంబర్ ఇవ్వనండీ" అంటే సరిపోతుంది. రైల్లో ఎవరైనా ఇబ్బంది పెడితే 139కి ఫోన్ చేయొచ్చు. మగవారు తెలుసుకోవాల్సింది ఇంకొకటుంది: ఆసక్తి లేదని స్త్రీ స్పష్టం చేశాక కూడా పరిచయం కోసం పదే పదే వెంటపడడం, మెసేజ్‌లు పెట్టడం భారతీయ న్యాయ సంహిత 78వ సెక్షన్ కింద నేరం. ఆఫీసు పనిమీద వెళ్ళిన సదస్సు కూడా పనిచేసే చోటు కిందికే వస్తుందని 2013 నాటి లైంగిక వేధింపుల నిరోధక చట్టం చెప్తుంది. హోటల్ లాబీలో జరిగింది ఆఫీసుకు సంబంధం లేదని తప్పించుకోలేరు.

కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు సదస్సులో యాభై మందిని కలవాలనుకుంటారు. నలుగురితో సరిగ్గా మాట్లాడి లింక్డ్‌ఇన్‌లో కలిస్తే చాలు. పెద్దవారిని "సార్, జాబ్ ఉంటే చెప్పండి" అని మొదటి నిమిషంలోనే అడిగితే ఆయన చేయగలిగేది తల ఊపడం ఒక్కటే.

అమ్మకాల ఉద్యోగులకు నాదొక విన్నపం. తీసుకున్న కార్డును కంపెనీ ప్రచార మెసేజ్‌ల జాబితాలో కలిపేయకండి. మీ మీద నమ్మకంతో ఇచ్చింది మీ ఆఫీసు సాఫ్ట్‌వేర్‌కు కాదు.

అరవై దాటినవారికి కాగితమే మేలు. పెద్ద అక్షరాలతో పేరు, ఊరు, నంబర్ రాసి ఇవ్వండి. అలాగే వాళ్ళు తమ నంబర్ తేలిగ్గా ఇచ్చేస్తారు, "పర్లేదు బాబూ, రాసుకో" అంటారు. రాసుకున్నాక దాన్ని ఇంకొకరికి ఇవ్వకుండా చూసుకోవాల్సింది మనం.

విదేశాల్లో తానా, ఆటా లాంటి సభల్లో ఊరు కలిస్తే చాలు, వెంటనే ఇంటికి భోజనానికి పిలిచే ఆప్యాయత ఉంటుంది. అదే ఆప్యాయతతో వీసా ఏ స్టేజీలో ఉందని అడగడమూ ఉంటుంది. మొదటిది ఉంచుకుని రెండోది మానేస్తే చాలు. గల్ఫ్‌లో ఆడవారు తాముగా చెయ్యి చాపితేనే కరచాలనం, లేకపోతే గుండె మీద చెయ్యి ఉంచి పలకరిస్తే సరి.

## ఆ తర్వాతి మెసేజ్

నంబర్ దొరికింది, లేదా రిక్వెస్ట్ ఒప్పుకున్నారు. మర్నాడు పగటిపూట ఒక్క మెసేజ్: "నమస్తే అండీ. నిన్న గోదావరిలో ఎదుటి బెర్త్. మీరడిగిన కాకినాడ పంతులుగారి అడ్రస్ ఇదిగో." మనమెవరో, ఎందుకు రాశామో, రెండూ అందులో ఉన్నాయి. "గుర్తుపట్టారా?" అని పరీక్ష పెట్టకండి. చెప్పకుండా వీడియో కాల్ అసలే వద్దు.

జవాబు రాకపోతే, పని విషయమైతే వారం తర్వాత ఒకసారి గుర్తు చేయొచ్చు. పని కానిదైతే అదీ వద్దు. నీలం టిక్కులు పడ్డాయి కదా అని ఆరా తీయొద్దు.

నా ఫోన్లో ఇప్పటికీ "ప్రసాద్‌గారు తుని బెర్త్", "విత్తనాల మేడమ్ హైటెక్స్" లాంటి పేర్లు చాలానే ఉన్నాయి. సంక్రాంతికి ముందు ఒకసారి అవన్నీ చూసుకుంటాను. రెండేళ్ళుగా అటూ ఇటూ మాట లేనివి తీసేస్తాను. ప్రసాద్‌గారు మాత్రం ఏటా తాటి తాండ్ర పంపిస్తారు. ఆయన నంబర్ నేనడగలేదు, నాదిచ్చి వచ్చాను. నాలుగు నెలలకు ఆయనే ఫోన్ చేశారు.